సుమారు 19 ఏళ్లు

పేరు, తండ్రి పేరు, కులం, వృత్తి, నివాసం. అరెస్టు కాగితంలో వీటి మధ్య ఒక చిన్న గడి ఉంటుంది. వయసు. పోలీస్ స్టేషన్లో ఆ గడి నింపడానికి అర నిమిషం చాలు. మూతి మీద నూనూగు మీసం వచ్చిందా, గొంతు మారిందా, మనిషి ఏపుగా ఉన్నాడా అని ఒక్క చూపు చూస్తారు. ‘సుమారు 19 సంవత్సరాలు’ అని రాస్తారు. అంతే. ఆ అర నిమిషంలో ఒక చట్టం మొత్తం ఆ పిల్లవాడి నెత్తి మీది నుంచి లేచిపోతుంది.

ఆ చట్టం పేరు బాలల న్యాయ చట్టం, 2015. జువనైల్ జస్టిస్ యాక్ట్ అంటే ఎక్కువ మందికి తెలుస్తుంది. అందులో 112 సెక్షన్లున్నాయి. 18 ఏళ్లు నిండని వాళ్లను లాకప్‌లో పెట్టరాదు, జైలుకు పంపరాదు. 24 గంటల్లోగా బాలల న్యాయ మండలి ముందుకు తీసుకపోవాలి. ఆ మండలిలో ఒక మేజిస్ట్రేటు, ఇద్దరు సామాజిక కార్యకర్తలు, ఆ ఇద్దరిలో ఒకరైనా మహిళ. బెయిలు ఇవ్వడమే రివాజు, నిరాకరిస్తే కారణం రాయాలి. 2016 నమూనా నిబంధనలు ఇంకో అడుగు ముందుకు వేసినయి. పిల్లలతో మాట్లాడే పోలీసు యూనిఫాంలో ఉండరాదు. బేడీలు వేయరాదు. ఘోరమైన నేరం అయితేనో, పెద్దవాళ్లతో కలిసి చేసిందయితేనో తప్ప అసలు ఎఫ్‌ఐఆరే కట్టరాదు. జనరల్ డైరీలో రాసుకొని, పిల్లవాడి ఇంటి పరిస్థితి ఏమిటో, బడికి పోతున్నాడో లేదో నివేదిక రాసి మండలికి పంపాలి. ప్రతి స్టేషన్లో ఏఎస్ఐ హోదాకు తగ్గని ఒక బాలల సంక్షేమ పోలీసు అధికారి ఉండాలి. పిల్లల పేరు గాని ఫొటో గాని బయటపెడితే ఆరు నెలల దాకా జైలు, 2 లక్షల దాకా జరిమానా. ఈ చివరిది మా విలేకరులకు కూడా వర్తిస్తుందని మా వాళ్లలో చాలామందికి గుర్తుండదు.

చదువుతుంటే కడుపు చల్లబడే చట్టం. కాని ఈ 112 సెక్షన్లూ ఒక్క మేకుకు వేలాడుతున్నయి. ఆ మేకు పేరు వయసు. వయసు గడిలో 17 అని రాస్తే ఇవన్నీ వర్తిస్తయి. 19 అని రాస్తే ఒక్కటీ వర్తించదు. మామూలు కోర్టు, మామూలు రిమాండ్, మామూలు జైలు. చట్టం మంచిదా చెడ్డదా అని ఢిల్లీలో, టీవీల్లో పదేళ్లుగా వాదులాడుకుంటున్నాం. ఆ చట్టం గడప దాకా కూడా రాని పిల్లల గురించి మాట్లాడేవాళ్లు తక్కువ.

ఎంతమంది అట్లా రాకుండా పోయిండ్రు? ఐప్రోబోనో అనే సంస్థ సమాచార హక్కు కింద జైళ్లను అడిగి ఆ లెక్క తీసి 2024లో బయటపెట్టింది. 2016 నుంచి 2021 దాకా ఆరేళ్లలో పెద్దల జైళ్లలో తప్పుగా పెట్టి, తర్వాత మైనర్లని గుర్తించి బయటికి పంపిన పిల్లలు 9,681 మంది. ఇది 285 జైళ్లు ఇచ్చిన జవాబుల లెక్క. దేశంలోని జిల్లా, సెంట్రల్ జైళ్లలో ఇవి సగం మాత్రమే. పైగా ఇది దొరికినవాళ్ల లెక్క. ఎవరో ఒకరు పట్టించుకొని, కాగితం తెచ్చి, కోర్టులో పెట్టి, బయటికి తీసినవాళ్ల లెక్క. పట్టించుకునే దిక్కులేని వాళ్లు ఈ లెక్కలో లేరు.

దిక్కులేకపోతే ఏమవుతుందో రెండు కేసులు చెపుతాం. ఇద్దరి పేర్లూ తీర్పుల్లో ఉన్నయి, మేము మాత్రం రాయం.

మొదటిది డెహ్రాడూన్‌లో 1994 నవంబర్‌లో జరిగిన నేరం. ఒక మాజీ సైనికాధికారి ఇంట్లో ముగ్గురి హత్య. ఆ ఇంట్లో పనిచేసిన పిల్లవాడు నిందితుడు. అప్పటికి అతనికి 14 ఏళ్లు. శిక్ష వేసే సమయంలో తాను మైనర్నని కోర్టుకు చెప్పుకున్నాడు. అతనికి బ్యాంకులో ఖాతా ఉంది కాబట్టి మేజరే అయి ఉంటాడని కొట్టిపారేసిండ్రు. ఉరిశిక్ష పడింది. హైకోర్టు ఖాయం చేసింది, సుప్రీంకోర్టు ఖాయం చేసింది. 2012లో రాష్ట్రపతి క్షమాభిక్ష కింద ఉరి తప్పింది గాని, 60 ఏళ్లు వచ్చేదాకా జైల్లోనే ఉండాలన్న షరతు పడింది. పశ్చిమ బెంగాల్‌లోని అతని బడి కాగితాలు అప్పుడూ ఉన్నయి, ఇప్పుడూ ఉన్నయి. వాటిని సరిగ్గా చదివి, కోర్టులే తప్పు చేసినయని ఒప్పుకొని, సుప్రీంకోర్టు అతన్ని విడుదల చేసింది 2025 జనవరి 8న. అప్పటికి సుమారు 25 ఏళ్లు జైల్లో గడిచినయి. చట్టం ప్రకారం అతనికి పడగలిగిన గరిష్ఠ శిక్ష మూడేళ్లు ప్రత్యేక గృహంలో ఉండటం.

రెండోది అదే 1994లో పుణేలో. ఐదుగురు ఆడవాళ్లు, ఇద్దరు పిల్లలు చనిపోయిన ఘోరమైన కేసు. ఇక్కడ నిందితుల్లో ఒకడికి వయసుతో పాటు పేరు కూడా తప్పే రాసిండ్రు. రాజస్థాన్‌లోని ఊర్లో బడి రిజిస్టర్లో ఒక పేరు, పుణే పోలీసుల కాగితంలో ఇంకో పేరు. బడి రిజిస్టర్ ప్రకారం నేరం జరిగిన నాటికి అతనికి పన్నెండున్నర ఏళ్లు. పన్నెండున్నర! ఏడో తరగతి పిల్లవాడు. ఆ రెండు పేర్లూ ఒక్క మనిషివే అని రుజువు చేయడానికి 28 ఏళ్లు పట్టింది. 2023 మార్చిలో సుప్రీంకోర్టు విడుదల చేసింది.

వాళ్లు అమాయకులని మేం అనడం లేదు. చనిపోయిన వాళ్ల కుటుంబాల దుఃఖం చిన్నదని అంతకన్నా అనడం లేదు. నేరం చేసిన పిల్లవాడికి ఏ శిక్ష ఉండాలన్నది ఒక ప్రశ్న. పిల్లవాడిని పిల్లవాడని కాగితం మీద రాయడం వేరే సంగతి. మొదటి దాని మీద మనం ఎన్నయినా వాదించుకోవచ్చు. రెండో దాని మీద వాదన ఏముంది? పుట్టిన తేదీకి రెండు పక్షాలుంటయా?

ఈ వాదన ఎట్లా పెరిగిందో కొంచెం వెనక్కి పోయి చూడాలి. మన దేశంలో పిల్లల కోసం విడిగా చట్టం చేసిన మొదటి ప్రాంతం మద్రాసు, 1920లో. ఆ తర్వాత ఒక్కో రాష్ట్రానిది ఒక్కో చట్టం, ఒక్కో వయసు. జైళ్లలో మగ్గుతున్న పిల్లల గురించి షీలా బర్సే వేసిన కేసులో సుప్రీంకోర్టు అడిగిన తర్వాత 1986లో దేశమంతటికీ ఒకే చట్టం వచ్చింది. అందులో ఆడపిల్లలకు 18, మగపిల్లలకు 16. ఐక్యరాజ్య సమితి బాలల హక్కుల ఒడంబడికకు 1992లో మన దేశం ఒప్పుకున్నది. 2000 నాటి చట్టంతో ఇద్దరికీ 18 అయింది. అంతదాకా ఎవరికీ పెద్దగా అభ్యంతరం లేదు.

2012 డిసెంబర్ 16 దాన్ని మార్చింది. ఢిల్లీ బస్సులో ఆ అమ్మాయి మీద జరిగిన ఘోరంలో నిందితులు ఆరుగురు. ఒకడికి 18 నిండడానికి ఇంకా కొన్ని నెలలుంది. వాడిని కూడా ఉరితీయాలని వీధుల్లోకి వచ్చిన వాళ్ల ఆగ్రహాన్ని మేం తప్పుపట్టం. కాని జస్టిస్ వర్మ కమిటీ 2013 జనవరిలో ఆ ఆగ్రహమంతా విన్న తర్వాతనే వయసు తగ్గించొద్దని చెప్పింది. అదే ఏడాది సుప్రీంకోర్టు కూడా 18ని కదిలించలేదు. 2015లో పార్లమెంటు స్థాయీ సంఘం వద్దన్నది. అయినా ఆ నిందితుడు మూడేళ్లు ముగించుకొని 2015 డిసెంబర్ 20న బయటికి వస్తే, రెండు రోజులకే 22న రాజ్యసభ బిల్లు పాస్ చేసింది. 2016 జనవరి 15 నుంచి అమల్లోకి వచ్చింది. 16 నుంచి 18 మధ్య వయసు పిల్లలు ఘోరమైన నేరం చేసినట్టు ఆరోపణ ఉంటే, అంటే కనీస శిక్ష ఏడేళ్లు గాని అంతకన్నా ఎక్కువ గాని ఉన్న నేరం అయితే, మండలి ముందుగా ఒక అంచనా వేస్తుంది. నేరం చేయగల శారీరక, మానసిక శక్తి ఉన్నదా, దాని పర్యవసానం తెలుసా, ఏ పరిస్థితుల్లో చేసిండు. దాన్ని బట్టి పెద్దవాడిలా విచారించడానికి పిల్లల కోర్టుకు పంపొచ్చు. ఉరి మాత్రం లేదు, విడుదల ఆశ లేని యావజ్జీవమూ లేదు.

ఆ అంచనా ఎట్లా వేయాలో ఎవరికీ సరిగ్గా తెలియదు. జరిగిన నెలల తర్వాత, భయపడ్డ పిల్లవాడిని కూర్చోబెట్టి, ‘ఆ రోజు నీ మనసు ఎంత ఎదిగింది?’ అని కొలిచే తరాజు ఏ దుకాణంలోనూ దొరకదు. మండలి సభ్యుల్లో పిల్లల మనస్తత్వం చదివిన నిపుణులు లేకపోతే బయటి మనస్తత్వ నిపుణుల సాయం తీసుకోవాల్సిందే అని గురుగ్రామ్ బడి కేసులో 2022 జులైలో సుప్రీంకోర్టు చెప్పాల్సి వచ్చింది. మన జిల్లాల్లో అసలు అట్లాంటి నిపుణులు ఎంతమంది ఉన్నరు?

2022 మేలో జూబ్లీహిల్స్ కేసు వచ్చినప్పుడు హైదరాబాద్‌లోనూ ఇదే గొడవ. ఆరుగురు నిందితుల్లో ఐదుగురు 18 నిండనివాళ్లు. పలుకుబడి కలిగిన ఇండ్ల పిల్లలు కావడంతో మైనర్ల చట్టం అంటేనే పెద్దోళ్ల పిల్లలు దాక్కునే గొడుగన్న అభిప్రాయం జనంలో బలపడింది. ఆ కోపం మాకు అర్థమవుతుంది. కాని లెక్కలు చూస్తే బొమ్మ వేరే ఉంటుంది. 2022లో దేశం మొత్తం మీద మైనర్ల మీద నమోదైన కేసులు 30,555. మొత్తం కేసుల్లో వందకు ఒకటి కూడా కాదు. అందులో దొంగతనాలు, కొట్లాటలు ఎన్నో. సెల్‌ఫోన్ దొంగిలించినోడు, బండి తీసుకపోయినోడు, గల్లీ కొట్లాటలో రాయి విసిరినోడు. ఈ చట్టం ముందుగా ఎవరికోసమో ఆ పిల్లవాడు టీవీలో కనబడడు.

ఉన్నోళ్ల పిల్లవాడు పట్టుబడితే సాయంత్రానికల్లా వకీలు వస్తాడు. కార్పొరేషన్ పుట్టిన సర్టిఫికెట్, పదో తరగతి మెమో, పాస్‌పోర్టు అన్నీ ఒకే ఫైల్లో వస్తయి. వాడి వయసు గడిలో ‘సుమారు’ అన్న మాట ఉండదు. తేదీ ఉంటుంది, నెల ఉంటుంది, సంవత్సరం ఉంటుంది. అడ్డా కూలి కొడుక్కు ఏముంటుంది? ఐదో తరగతిలో బడి మానేసిండు. పుట్టింది మంత్రసాని చేతుల మీద. తల్లిని అడిగితే ‘చెర్వు తెగిన యేడు పుట్టిండు సారూ’ అంటుంది. ఆమె అబద్ధం చెప్పడం లేదు. చెరువు తెగిన ఏడు ఏదో ఊరందరికీ తెలుసు. స్టేషన్లో రాసుకునేవాడికి మాత్రం అది తేదీ కాదు. మీసం చూస్తాడు.

చట్టం మీసం చూడమనలేదు. 94వ సెక్షన్ వరుస చెప్పింది. ముందు బడి ఇచ్చిన పుట్టిన తేదీ సర్టిఫికెట్ గాని పదో తరగతి సర్టిఫికెట్ గాని. అది లేకుంటే కార్పొరేషనో మున్సిపాలిటీయో పంచాయతీయో ఇచ్చిన జనన ధ్రువపత్రం. ఆ రెండూ లేకుంటేనే ఎముకల పరీక్ష. ఎముకల పరీక్ష మీద ఎవరూ ప్రమాణం చేయలేరు. అటు రెండేళ్లు ఇటు రెండేళ్లు తేడా రావొచ్చని కోర్టులే చాలాసార్లు చెప్పినయి. 17 ఏళ్లవాడు 19 అని తేలొచ్చు. 2007 నిబంధనల్లో అనుమానం ఉన్నచోట ఒక ఏడాది తగ్గించి పిల్లవాడికి మేలు చేయొచ్చన్న మాట ఉండేది. 2015 చట్టంలో ఆ మాట లేదు. ఎందుకు తీసేసిండ్రో ఎవరూ చెప్పలేదు.

ఆధార్ కార్డు ఈ వరుసలో ఎక్కడా లేదు. అయినా ఈ రోజుల్లో పట్టుబడ్డోని జేబులో ముందుగా దొరికేది అదే. ఆ కార్డు తీసుకునే రోజు ఏ తేదీ చెప్తే అదే పడింది, చాలామందికి జనవరి 1 అని పడింది. పుట్టిన తేదీకి ఆధార్ రుజువు కాదని, బడి సర్టిఫికెటే మేలని 2024 అక్టోబర్‌లో సుప్రీంకోర్టు ఒక రోడ్డు ప్రమాదం పరిహారం కేసులో తేల్చింది. స్టేషన్లో ఆధార్ చూసి మేజర్ అన్నప్పుడు ఈ తీర్పు గుర్తుచేసేవాళ్లు కావాలి.

ఇక మన బడి కాగితాల సంగతి. ఉద్యోగ మిత్రులు ఒక్కసారి తమ సర్వీస్ పుస్తకం తీసి చూసుకోవాలి. మీ ఆఫీసులో ఎంతమంది జూన్‌లో పుట్టిండ్రు? ఎంతమంది జులై 1న పుట్టిండ్రు? తల్లులంతా బడులు తెరిచే నెల చూసుకొని కన్నారా? కాదు. బడిలో వేసే రోజు పంతులు సారు లెక్కగట్టి వేసిన తేదీలవి. చేతిని నెత్తి మీది నుంచి తిప్పి అటు చెవి అందితే ఐదేళ్లు నిండినట్టు. కొందరికి కొలువు దొరకాలని రెండేళ్లు తగ్గించి వేసిండ్రు. కొందరికి ఇంట్లో చూసుకునేవాళ్లు లేక, అక్క వెంట బడికి పంపాలని, నాలుగేళ్లకే ఐదు వేసిండ్రు. ఎవరూ చెడు ఉద్దేశంతో చేయలేదు. కాని ఆ ఒక్క ఏడాది పన్నెండేళ్ల తర్వాత ఎక్కడ తేలుతుందో ఆ సారుకు తెలియదు. 17 ఏళ్ల పిల్లవాడు కాగితం మీద 18 దాటి నేరుగా జైలుకు పోతాడు. చట్టం ముందుగా నమ్మేది ఆ బడి కాగితాన్నే కదా.

పుట్టిన తేదీ విలువ ఉద్యోగులకు చెప్పాల్సిన పని లేదు. సర్వీసు ఒక్క ఏడాది కలిసి వస్తుందంటే కోర్టుల దాకా పోయి కొట్లాడినవాళ్లు మనలో ఎంతమంది లేరు? అదే ఏడాది కోసం కొట్లాడే స్తోమత ఆ పిల్లవాడికి లేదు.

దీనికి ఎదురు మాట ఒకటి ఉంది, అది పోలీసులు మాతో ఎన్నోసార్లు అన్నదే. ‘మీరు చెప్పేది బాగానే ఉంది. 22 ఏళ్లోడు దొంగ బోనఫైడ్ తెచ్చి మైనర్నంటాడు, అప్పుడేం చేయాలె?’ నిజమే, దొంగ కాగితాలున్నయి. కాగితం నిజమా కాదా తేల్చడానికి మండలి ఉంది, కోర్టు ఉంది. బడికి మనిషిని పంపి రిజిస్టర్ చూడొచ్చు. 22 ఏళ్లవాడు దొంగ కాగితంతో కొన్నాళ్లు హోంలో ఉంటే ఆ తప్పు తర్వాత దిద్దుకోవచ్చు. 14 ఏళ్లవాడిని 25 ఏళ్లు జైల్లో పెడితే దాన్ని దిద్దే చట్టం లేదు. వయసు లెక్కించాల్సింది నేరం జరిగిన రోజుకా, కోర్టుకు తెచ్చిన రోజుకా అన్నది కూడా ఒకప్పుడు తిరకాసుగానే ఉండేది. 2000లో సుప్రీంకోర్టు ఒక తీర్పులో కోర్టుకు తెచ్చిన రోజన్నది. 2005లో ఐదుగురు జడ్జీల ధర్మాసనం దాన్ని తోసేసి నేరం జరిగిన రోజే అని తేల్చింది. ఆ ఐదేళ్లలో ఎంతమంది పిల్లల్ని వెంటనే కోర్టుకు తేకుండా ఆపి పెద్దవాళ్లను చేసిండ్రో.

ఉద్యమ రోజుల్లో, 2009 డిసెంబర్ తర్వాత, ఊరేగింపుల్లో మాతో పాటు ఇంటర్ పిల్లలు, తొమ్మిది పది చదివే పిల్లలు ఉండేవాళ్లు. వ్యాన్లలో ఎక్కించేటప్పుడు, స్టేషన్ల ముందు నేల మీద కూర్చోబెట్టినప్పుడు, ‘నీకు 18 నిండినయా?’ అని అడిగిన అధికారిని మేం చూడలేదు. అప్పుడు మాకూ ఆ ఊసు లేదు. అరెస్టయితే గొప్ప అనుకునే వయసు. అప్పటి 2000 చట్టం ప్రకారం ఆ పిల్లలు లాకప్ గడప తొక్కకూడదు.

ఆడపిల్లల సంగతి కూడా ఇదే గడి మీద ఆధారపడి ఉంది, అది ఇంకో తీరు. ఇద్దరికీ 17 ఏళ్లు. ప్రేమించుకున్నారు, ఇల్లు దాటిండ్రు. పిల్ల తండ్రి కేసు పెడతాడు. 18 లోపు పిల్ల ఇష్టపడ్డానన్నా చట్టం దృష్టిలో అది సమ్మతి కాదు. 2012 నాటి పోక్సో చట్టాన్ని 2019లో సవరించిన తర్వాత ఈ నేరానికి కనీస శిక్ష పదేళ్లు. పిల్ల గర్భవతి అయితే ఇరవై. పదేళ్లంటే ఏడు కన్నా ఎక్కువ, కాబట్టి అది ఘోరమైన నేరాల్లో చేరుతుంది. అంటే ఆ 17 ఏళ్ల పిల్లవాడిని పెద్దవాడిగా విచారించే దారి తెరుచుకున్నట్టే. పిల్ల ఇంటికి పోనంటే హోంకు పంపుతారు. చిన్నపిల్లల మీద అత్యాచారం చేసే మృగాల కోసం తెచ్చిన సెక్షన్, కులం తప్పి ప్రేమించిన పిల్లవాడి మెడకు చుట్టుకుంటున్నది. కులం పంతం ఉన్న తండ్రికి ఇంత పదునైన ఆయుధం ఇంతకుముందు దొరకలేదు.

ఇక్కడా తేల్చాల్సింది వయసే, అదీ ఆ పిల్ల వయసు. తమిళనాడు నుంచి వచ్చిన ఇట్లాంటి కేసులో 2023 జులైలో సుప్రీంకోర్టు నిందితుడిని విడుదల చేస్తూ ఒక మాట చెప్పింది. బడి ఇచ్చిన టీసీ 94వ సెక్షన్ అడిగే పుట్టిన తేదీ సర్టిఫికెట్ కాదని. మన దగ్గర టీసీ ఉంటే చాలు అన్నీ ఉన్నట్టే అనుకుంటాం. టీసీ వేరు, పుట్టిన తేదీ సర్టిఫికెట్ వేరు. హెడ్మాస్టర్లు ఈ తేడా తెలుసుకొని, అడిగిన తల్లికి అడిగిన రోజే రెండోది రాసియ్యాలి. ‘రేపు రా, క్లర్కు లేడు’ అంటే ఆ ఒక్క రేపు పిల్లవాడు జైల్లో గడుపుతాడు.

మైనర్ల హోంలు స్వర్గాలని మేం చెప్పబోం. హోంలలో, మండళ్లలో, సమితుల్లో ఖాళీలు నింపమని 2005లో వేసిన పిటిషన్ మీద సుప్రీంకోర్టు తీర్పు ఇచ్చేసరికి 2018 వచ్చింది. చట్టం ప్రకారం విచారణ నాలుగు నెలల్లో అయిపోవాలి, మరీ అయితే ఇంకో రెండు. మండలి వారానికి ఎన్నిసార్లు కూర్చుంటుందో చూస్తే ఆ నాలుగు నెలల మాట ఎక్కడ ఉంటుందో తెలుస్తుంది. అయినా హోంకు జైలుకు తేడా ఉంది. హోంలో పిల్లవాడి పక్కన ఇంకో పిల్లవాడు పడుకుంటాడు. జైల్లో ఎవరు పడుకుంటారో చెప్పాల్సిన పని లేదు.

చట్టంలో ఇంకో మంచి తలుపు తెరిచే ఉంది. నేరం నాటికి తాను మైనర్నని ఎప్పుడైనా చెప్పుకోవచ్చు. విచారణలో చెప్పుకోవచ్చు, శిక్ష పడ్డాక చెప్పుకోవచ్చు, అప్పీలన్నీ అయిపోయాక కూడా చెప్పుకోవచ్చు. డెహ్రాడూన్, పుణే కేసులు ఈ తలుపు నుంచే బయటపడ్డయి. 2024 మొదట్లో జాతీయ న్యాయ సేవల సంస్థ జైళ్లలో ఇట్లాంటి పిల్లలను వెతికే కార్యక్రమం దేశమంతటా నడిపింది. ఒక కార్యక్రమంతో అయ్యే పని కాదిది. ప్రతి జిల్లాలో న్యాయ సేవల సంస్థ ఉంది, వకీలును ఉచితంగా ఇస్తుంది. లా చదివే మన విద్యార్థులు ఉన్నరు. నెలకొకసారి జిల్లా జైలుకు పోయి, 18 నుంచి 22 అని రాసి ఉన్న కొత్త ముద్దాయిల జాబితా అడిగి, ‘నీ బడి ఏది, నీ ఊరేది?’ అని ఒక్కొక్కరిని అడిగితే చాలు. ఊరికి ఫోన్ చేస్తే హెడ్మాస్టరు రిజిస్టర్ తీసి చూస్తాడు. దీనికి పెద్ద నిధులు అక్కర్లేదు, బస్సు చార్జీలు కావాలి.

రిమాండ్‌కు తెచ్చినప్పుడు మేజిస్ట్రేటు ఎదుట కూడా ఒక అవకాశం ఉంది. ఎదురుగా నిలబడ్డవాడు పిల్లవాడిలా కనబడితే మండలికి పంపాలని చట్టం మేజిస్ట్రేటుకే బాధ్యత పెట్టింది. కాగితం మీద ‘సుమారు’ అని ఉంటే, దేన్ని చూసి రాసిండ్రని అడగాలి. ఏ కాగితం చూసి ఆ వయసు రాసిండ్రో రిమాండ్ రిపోర్టులో ఒక వరుస విధిగా ఉండాలన్నది మా డిమాండ్. ‘చూపుతో అంచనా’ అని రాయాల్సి వస్తే రాసేవాడి చెయ్యి కొంచెం ఆగుతుంది. రెండు రాష్ట్రాల పోలీసు శాఖలు ఒక్క సర్క్యులర్‌తో చేయగలిగిన పని ఇది. కొత్త చట్టం అక్కర్లేదు, బడ్జెట్ అక్కర్లేదు.

2023 అక్టోబర్ 1 తర్వాత పుట్టిన పిల్లలకు జనన ధ్రువపత్రమే పుట్టిన తేదీకి ఆధారం కావాలని జనన మరణాల చట్టాన్ని సవరించిండ్రు. మంచిదే. ఆ పిల్లలకు 17 వచ్చేది 2040లో. అప్పటిదాకా స్టేషన్లకు వచ్చేవాళ్లంతా పాత రిజిస్టర్ల పిల్లలే. కాబట్టి వచ్చే జూన్‌లో బడుల్లో పేర్లు రాసుకునే టీచర్ మిత్రులకు ఒక మాట. అంగన్‌వాడీ పుస్తకం చూడండి, టీకాల కార్డు చూడండి, ఆశా కార్యకర్తను అడగండి. తల్లి చెరువు తెగిన యేడంటే ఆ చెరువు ఏ నెలలో తెగిందో కనుక్కొని రాయండి. జులై 1 అని వేసి పేజీ తిప్పకండి.